చెప్పని నెలలు

నవంబర్ 9

మంచు ఇవాళ తొమ్మిదింటికి గానీ విడవలేదు. పిల్లలు ఒక్కొక్కరే దుప్పట్లు కప్పుకుని అంగన్‌వాడీకి వచ్చారు. వాళ్లకు గుడ్లు ఉడకబెడుతూ వంగి లేచేసరికి నడుముకి కుడి పక్కన పట్టేసినట్టయింది. నిన్న అత్తతో తోటకి వెళ్లి కాఫీ పళ్లు కోశాను. బస్తా దింపేటప్పుడు ఎక్కడో బెణికి ఉంటుంది.

మూత్రానికి వెళ్తే మంటగా ఉంది. ఈ చలికి దాహం వేయదు, నీళ్లు తాగడం మర్చిపోతున్నాను. అదే కారణం.

నవంబర్ 10

మంట తగ్గలేదు. చోడి పిండితో అంబలి పలచగా కాచుకుని తాగాను.

నవంబర్ 11

ఇక్కడైనా రాయాలి. నాకు నాలుగో నెల దాటుతోంది.

ఈ ఊళ్లో ఎవరికి నెల తప్పినా ముందు తెలియాల్సింది నాకే. మూడో నెల లోపలే పేరు రాయించుకోండి, దాచకండి, డాక్టరుకి చూపించుకోండి అని గడప గడపకీ తిరిగి చెప్పేదాన్ని నేనే. అంగన్‌వాడీ టీచర్ హేమలతని. నా పేరు మాత్రం నేను ఎక్కించుకోలేదు.

మొదటిసారి, తెలిసిన రోజే అందరికీ చెప్పాం. మా ఆయన సురేంద్ర అరకులో జీపుల స్టాండంతా మిఠాయి పంచాడు. అత్త ఊరి దేవతకి కోడిని మొక్కుకుంది. మూడో నెలలో పోయింది. మిఠాయి తిన్నవాళ్లందరూ పరామర్శకి వచ్చారు. రెండోసారి ఇంట్లోవాళ్లకే చెప్పాను. నాలుగో నెల మొదట్లో పోయింది. ఆ మర్నాడు అత్త కొడవలి పట్టుకుని కొండ మీది చేనుకి వెళ్లిపోయింది. చాలా రోజులు అక్కడి పాకలోనే ఉండిపోయింది. తిరిగి వచ్చాక కూడా ఆ సంగతి ఎత్తలేదు. సురేంద్రా ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. ఇంట్లో ఆ రెండూ జరగనట్టే బతుకుతున్నాం.

అత్త మనసులో నా మీద ఏముందో నాకు తెలుసు. అడగక్కర్లేదు.

ఈసారి కడుపు తనంతట తాను కనపడేదాకా చెప్పనని అనుకున్నాను. భయం కాదు. తొందరేముంది అని. చలికాలం కాబట్టి స్వెట్టర్, పైన శాలువా. ఎవరికీ తెలియదు.

వచ్చే వారం చెబుతాను.

నవంబర్ 13

తెల్లారుతూనే వణుకు. మూడు దుప్పట్లు కప్పినా పళ్లు టకటక కొట్టుకున్నాయి. "మలేరియానే. లెగు, పోదాం," అంది అత్త. సురేంద్ర టూరిస్టులు ఎక్కాల్సిన జీపులో మమ్మల్ని ఎక్కించుకుని డుంబ్రిగుడ ఆసుపత్రి దగ్గర దింపి, బొర్రా గుహల ట్రిప్పుకి వెళ్లిపోయాడు.

రక్తం చూశారు. మలేరియా లేదు. డాక్టర్ దేవీప్రసాద్ గారు వెనక్కి తిరగమని, పక్కటెముకల కింద చేత్తో మెల్లగా తట్టారు. కుడివైపు తట్టేసరికి నా నోట్లోంచి కేక వచ్చింది. మూత్రం పరీక్ష చేయించారు. చీము కణాలు నిండా ఉన్నాయట.

"కింద మొదలైన ఇన్ఫెక్షన్ కిడ్నీకి ఎక్కిందమ్మా. నడుం బెణకడం కాదిది," అన్నారు. తర్వాత అడిగారు: "నెలసరి ఎప్పుడయింది? కడుపుతో ఏమైనా ఉన్నావా?"

అత్త నా పక్కనే నిలబడి ఉంది.

"లేదండి. పోయిన వారమే అయింది," అన్నాను. తడుముకోకుండా అన్నాను. అత్త చీర కొంగు ముడి విప్పి మళ్లీ వేసుకుంది.

ఆయన మాత్రలు రాశారు. రోజుకి రెండు చొప్పున ఏడు రోజులు. "జ్వరం తగ్గింది కదా అని మధ్యలో మానేయకు. రెండు రోజుల్లో తగ్గకపోతే మాత్రం ఆగకుండా వచ్చేయ్," అన్నారు. ఫ్లోరెన్స్ సిస్టర్ మాత్రలిస్తూ, "బాగా చిక్కిపోయావు హేమా," అంది. చలి సిస్టర్, అన్నాను.

నవంబర్ 14

మాత్ర పేరు సిప్రోఫ్లాక్సాసిన్. సెంటర్ దగ్గర సిగ్నల్ వచ్చే చోట నిలబడి ఫోన్లో చూశాను. కడుపుతో ఉన్నవాళ్లకి మామూలుగా ఇవ్వరని ఉంది. చూడటం మంచిదయింది.

వేసుకోలేదు. జ్వరానికి పారాసెటమాల్ ఒకటి వేసుకున్నాను, అది ఫర్వాలేదు. డాక్టరిచ్చిన అట్టలోంచి పూటకో మాత్ర నొక్కి తీసి పొయ్యిలో వేస్తున్నాను. లేకపోతే అట్ట నిండుగా కనపడుతుంది.

నాకు తెలిసింది కాబట్టి సరిపోయింది. తెలియనిదైతే మింగేసేది.

నవంబర్ 15

జ్వరం లేదు.

నవంబర్ 16

పొద్దున్న లేదు. సాయంత్రం కొంచెం.

"మాత్ర ఏసుకున్నావా?" అంది అత్త.

"వేసుకున్నాను."

కాసేపు నా ముఖమే చూసింది. నీళ్లు కాచి చల్లార్చి చెంబులో పోసి నా పక్కన పెట్టింది. "తాగీయ్," అంది.

ఒంట్లో వేడి ఉంటేనేం, నీళ్లు బాగా తాగితే అదే కొట్టుకుపోతుంది. వచ్చే వారం చెబుతాను. ఐదో నెల నిండుగా పడనీ.

నవంబర్ 18

వణుకు. రాయలేను.

నవంబర్ 21

విశాఖపట్నం. పెద్దాసుపత్రి. డైరీ, పెన్ను సురేంద్ర తెచ్చాడు. చదవలేదన్నాడు. చదవడని నాకు తెలుసు.

జరిగింది జరిగినట్టు రాస్తాను.

పంతొమ్మిదో తేదీన సెంటర్‌కి వెళ్లాను. వెళ్లకుండా ఉండాల్సింది. పిల్లల కంచాల్లో పప్పు వడ్డిస్తుంటే గది చీకటయిపోయింది. కళ్లు తెరిచేసరికి పక్కింటి ఫల్గుణ ఆటోలో, అత్త ఒడిలో ఉన్నాను. "ఒలే, కళ్లు మూయకే. గుంటా, నన్ను సూడు," అంటోంది. దారి పొడుగునా వాంతులు.

డుంబ్రిగుడ ఆసుపత్రిలో బీపీ బాగా పడిపోయిందన్నారు. ఫ్లోరెన్స్ సిస్టర్ చేతికి సూది పెట్టి, గుండెకి మిషన్ తగిలించడానికి స్వెట్టర్ పైకి తీసింది. ఆమె చెయ్యి నా పొట్ట మీద ఆగిపోయింది.

"ఎన్నో నెల, హేమా?" అంది. గట్టిగా అనలేదు.

గుమ్మం దగ్గర అత్త నిలబడి ఉంది. ఇంక దాచడానికి ఏముంది. "నాలుగు వెళ్లి ఐదు," అన్నాను.

డాక్టరు గారు వచ్చారు. ఆయన ముఖం చూసి మాత్రల సంగతి కూడా చెప్పేశాను. తిడతారనుకున్నాను. ఆయన స్టూలు లాక్కుని కూర్చున్నారు.

"ఆ మాత్ర వేసుకోకపోవడం వరకు నీకు తెలిసింది నిజమే. కానీ కడుపుతో ఉన్నవాళ్లకి ఇచ్చే మందులు వేరే ఉన్నాయమ్మా. చెప్పి ఉంటే మొదటి రోజే అవి ఇచ్చేవాణ్ని, ఇక్కడే చేర్చుకుని చూసేవాణ్ని. నువ్వు ఏ మందూ లేకుండా ఆరు రోజులున్నావు. బిడ్డకి అన్నిటికంటే ప్రమాదం అదే."



మూత్రం సీసాలో పట్టి కల్చర్ పరీక్షకి పంపించారు. ఏ క్రిమి, ఏ మందుకి చస్తుంది అన్నది అందులో తేలుతుందట, దానికి కొన్ని రోజులు పడుతుందట. అప్పటిదాకా ఆగడం కుదరదని నరానికి సెఫ్ట్రియాక్సోన్ అనే ఇంజెక్షన్ మొదలుపెట్టారు. అది గర్భిణీలకి ఇచ్చేదే. ఆపైన అంబులెన్సులో ఎక్కించారు.

సురేంద్రకి ఫోన్ చేసింది ఫ్లోరెన్స్ సిస్టర్. జబ్బు సంగతీ కడుపు సంగతీ రెండూ ఒకేసారి ఆమె నోటి నుంచే విన్నాడు. అనంతగిరి దగ్గర జీపు వదిలేసి మా అంబులెన్సు ఎక్కాడు. రోజూ నడిపే ఘాట్ రోడ్డు, ఒక్క మలుపు కూడా చూడలేదు. సెలైన్ సీసా కదలకుండా పట్టుకుని నా వైపే కూర్చున్నాడు.

ఈ ఊరు చేరాక ఎప్పటికో అన్నాడు. "నాకైనా సెప్పొచ్చు కదా లతా."

"వచ్చే వారం చెబుదామనుకున్నాను."

"ఎన్ని వారాల్నుంచి?"

నవంబర్ 22

జ్వరం దిగలేదు. పొట్ట అప్పుడప్పుడు రాయిలా బిగుసుకుని వదులుతోంది. అలా బిగిసినప్పుడల్లా చెప్పమన్నారు. చెబుతున్నాను. ప్రతిసారీ చెబుతున్నాను.

రక్తస్రావం లేదు.

నవంబర్ 23

కల్చర్ ఫలితం వచ్చింది. వార్డు డాక్టరమ్మ, నడివయసు మనిషి, కళ్లద్దాలు తలమీదకి తోసుకుని మంచం అంచు మీద కూర్చుంది. సురేంద్ర, అత్త ఇద్దరూ ఉన్నారు.

"మీకు ఎక్కిస్తున్న ఇంజెక్షన్‌కి మీలో ఉన్న క్రిమి లొంగడం లేదు. అందుకే జ్వరం అలాగే ఉంది. ఇదివరకు ఈ రకం మందులు ఎక్కువగా వాడారా?"

ఈసారి ఏదీ మిగల్చకుండా చెప్పాను. రెండోది పోయాక తరచూ మంట వచ్చేది. ఆసుపత్రికి వెళ్తే అడుగుతారని సంతలో మందుల షాపు దగ్గర మాత్రలు కొనుక్కునేదాన్ని. రెండు రోజులు వేసుకుని, తగ్గగానే మానేసేదాన్ని. మళ్లీ వచ్చేది. మళ్లీ కొనేదాన్ని. అత్త తల తిప్పి నన్ను చూసింది. ఇది ఆమెకి తెలియదు.

"సరే," అంది డాక్టరమ్మ. "ఇప్పుడు ఏముందో చెబుతాను, వినండి. ఈ క్రిమి మీద పనిచేసే ఇంజెక్షన్ ఒకటుంది, అమికాసిన్. అది కడుపులో బిడ్డ చెవుల మీద పడొచ్చు. వేరే దారి ఉండగా నేనివ్వను. ఇంకోటి మాత్ర. అది మూత్రం నిలిచే సంచి దాకా బాగానే పనిచేస్తుంది గానీ కిడ్నీలోకి చాలినంత చేరదు. మీకిప్పుడు చాలదు. మిగిలింది మెరోపెనెమ్. నరానికి ఎక్కించాలి, రోజుకి మూడు పూటలా, పది రోజులు. ఇలాంటి అవసరంలో గర్భిణీలకి ఇస్తాం. ఇంతవరకు దానివల్ల పిల్లలకి చెడు జరిగిందని నేను చూడలేదు. అలాగని ఏమీ కాదని మాటివ్వలేను."

"ఇవ్వకపోతే మేడమ్?" అన్నాడు సురేంద్ర.

"ఇన్ఫెక్షన్ రక్తంలోకి ఎక్కుతోంది. కడుపు నిలవదు. ఆమెకీ కష్టమే."

"అయితే మీకు ఏది మంచిదనిపిస్తే అదే ఏసీయండి."

"నాకు ఏది మంచిదో చెప్పాను. ఆమెకి అర్థమయిందా అని చూస్తున్నాను," అని నా వైపు తిరిగింది.

పది రోజులు. కోతల కాలం. తోటలో పళ్లు రాలిపోతుంటాయి, జీపు నిలిచిపోతుంది. అవన్నీ ఒక్కసారి గుర్తొచ్చాయి. పైగా పేరు కూడా పలకలేని మందు. పొయ్యిలో వేసిన మాత్రల్లాగ దీన్ని తప్పించే దారి లేదు. ఎక్కితే ఎక్కినట్టే.

"అర్థమయింది. వేయండి," అన్నాను.

నవంబర్ 24

మొదలుపెట్టారు. అత్త సీసాలోంచి పడే ఒక్కో చుక్కనీ చూస్తూ కూర్చుంది.

నవంబర్ 25

స్కానింగ్. తెర నాకు కనపడేలా తిప్పింది స్కానింగ్ చేసే అమ్మాయి. గుండె కొట్టుకుంటోంది. నేను కళ్లు మూసుకున్నాను. రెండోసారి ఇలాంటి గదిలోనే, ఇలాంటి తెర మీదే, ఏమీ కొట్టుకోవడం లేదని చెప్పారు.

"మూసుకోకండి. చూడండి," అంది ఆ అమ్మాయి.

చూశాను.

నవంబర్ 26

పొద్దున్న చెమటలు పట్టి బట్టలన్నీ తడిసిపోయాయి. నర్సు జ్వరం చూసి నవ్వింది. మామూలుగా ఉందట. పొట్ట బిగుసుకోవడం కూడా రాత్రి నుంచి లేదు.

సురేంద్రని పంపించేశాం. పళ్లన్నా కోయించు, జీపన్నా తియ్యి, ఇక్కడ నేనున్నాను అంది అత్త.

మధ్యాహ్నం జావ తెచ్చి చెంచాతో పెడుతోంది. నేనే తాగుతానన్నా వినలేదు. సగం అయ్యాక, చెంచా గిన్నెలోనే ఉంచి, "నాకు తెలుసు," అంది.

"ఏంటి అత్తా?"

"నువ్వు కడుపుతో ఉన్నావని. దసరా ముందరే తెలుసు. ఎండు చేపలు ఏపుతుంటే ఇంట్లోంచి బయటికి పోయేదానివి. మిట్టమద్దేనం ఎండలో కూడా ఆ సొట్టరు తీసేదానివి కాదు. నానేటి గుడ్డిదాన్నా? నువ్వే సెప్తావని ఊరుకున్నాను."

గిన్నె పట్టుకున్న ఆమె చేతులు చూశాను. కాఫీ కోసి కోసి గోళ్ల చుట్టూ నల్లబడిపోయి ఉన్నాయి. బస్తా ఎత్తబోతే ఈ మధ్య చాలాసార్లు ముందు తనే వచ్చి ఎత్తేసేది. బేగి దింపాలి, నువ్వు నెమ్మది అనేది. ఆ సంగతి ఇప్పుడు తడుతోంది.

"మరి ఆ రోజు డాక్టరు గారు అడిగినప్పుడు నువ్వు పక్కనే ఉన్నావు కదా."

"ఉన్నాను. నువ్వు నేదన్నావు. నానున్నానని నేదన్నావేటో అనుకున్నాను. అలాటప్పుడు బయటికి ఎల్లి నిలబడాల. నేపోతే నోరిప్పి, డాట్రుబాబూ ఇది అబద్దం సెప్తంది అనాల. రెండిట్లో ఒకటీ సెయ్యనేదు. కొంగు ముడేసుకుంటా నిలబడిపోనాను. ఆరు రోజులు నువ్వు మంటలో ఉన్నావు. సగం నా మూలానే."

"నీ మూలాన కాదు."

"నా మూలాన కూడా," అంది.

జావ చల్లారిపోతోంది. ఇంక అడగకపోతే ఎప్పటికీ అడగలేననిపించింది. "రెండోది పోయినప్పుడు కొండ మీదకి ఎందుకు వెళ్లిపోయావు అత్తా? నా మీద కోపంతోనా?"

అర్థం కానట్టు చూసింది. నిజంగా అర్థం కానట్టే.

"కోపమేటి? ఏడుపొచ్చేది. ఇంట్లో ఏడిస్తే నువ్వు ఇంటావని ఎల్లిపోనాను. పాకలో అయితే ఇనేవోళ్లు లేరు."

మిగిలిన జావ పట్టింది. గిన్నె కడుక్కు రావడానికి వెళ్లి చాలాసేపటికి వచ్చింది.

ఏడాదిన్నరగా నేను అనుకున్నది వేరు. దాని గురించి ఇంక రాయను.

నవంబర్ 28

పక్క మంచం మీద ఉన్న రత్న ఇవాళ ఇంటికి వెళ్లిపోయింది. కొయ్యూరు మనిషి, పెద్దామె, షుగరుంది. ఆమెదీ కిడ్నీ ఇన్ఫెక్షనే. వచ్చినప్పుడు నాకంటే ఎక్కువ వణికింది. ఆమెకి రెండు రోజులు ఇంజెక్షన్ చేసి, కల్చర్ చూసి, మాత్రల మీద పంపించారు. మాత్రల అట్ట నాకిచ్చి, ఎప్పుడెప్పుడు వేసుకోవాలో చదివి చెప్పమంది. సిప్రోఫ్లాక్సాసిన్. ఆమెలో ఉన్న క్రిమి దానికి చస్తుంది. ఆమె కడుపుతో లేదు. అంతే తేడా.

పొద్దున్నొకటి, సాయంత్రమొకటి, అట్ట అయిపోయేదాకా అని చెప్పాను. "తగ్గిపోయాక కూడానా?" అంది.

"తగ్గాక కూడా. నేను మానేసేదాన్ని. అందుకే ఇంకా ఇక్కడున్నాను," అన్నాను.

రత్న అట్టని జాకెట్లో దోపుకుని నా తల మీద చెయ్యి పెట్టి వెళ్లింది.

నవంబర్ 30

చేతుల్లో నరాలు వాచిపోయాయి. ఇవాళ మూడు చోట్ల గుచ్చాక గానీ దొరకలేదు. గుచ్చుతున్న నర్సు చిన్న పిల్ల, ఆమెకే కళ్లనీళ్లు వచ్చాయి. ఇంకెన్నాళ్లు అని అడగాలనిపించి ఊరుకున్నాను.

జ్వరం తగ్గి నాలుగు రోజులయింది. ఒంట్లో బాగుంది. ఇంటికి వెళ్లిపోతే ఏమవుతుంది అన్న ఆలోచన వచ్చింది. వచ్చిందని రాస్తున్నాను. అత్తకి కూడా చెప్పాను. "తన్నుతాను," అంది.

డిసెంబర్ 2

మధ్యాహ్నం మందు ఎక్కుతుండగా, బొడ్డు కింద లోపల్నుంచి ఎవరో వేలితో తట్టి ఆగినట్టయింది. ఊపిరి బిగబట్టి పడుకున్నాను. ఇంకోసారి.

అత్త కింద చాప మీద కునుకు తీస్తోంది. లేపాను. చెయ్యి పెట్టి చాలాసేపు చూసింది. పైకి తెలియదింకా. ఆమెకి ఏమీ అందలేదు.

"కదిలిందా?"

"కదిలింది."

"నువ్వన్నావంటే సాలు," అని మళ్లీ పడుకోలేదు. లేచి కూర్చుంది.

డిసెంబర్ 5

డిశ్చార్జి. మళ్లీ చేసిన కల్చర్‌లో ఏ క్రిమీ పెరగలేదు.

డాక్టరమ్మ ఒక చిన్న మాత్ర రాసింది, రోజుకొకటి, తొమ్మిదో నెల వచ్చేదాకా. ఆ రోజు చెప్పిందే, మూత్రపు సంచి దాకా పనిచేసేది. కిడ్నీకి పట్టిన ఇన్ఫెక్షన్ని అది తగ్గించలేదు గానీ, తగ్గాక మళ్లీ కింద నుంచి మొదలవకుండా కాపలా కాస్తుందట. మా కొండవైపు కొందరికి ఆ మాత్ర పడదని, రక్తం తగ్గిపోతుందని ముందే రక్తపరీక్ష చేయించింది. నాకు ఫర్వాలేదు. నెలనెలా మూత్రం పరీక్ష. జ్వరం గానీ, పక్క నొప్పి గానీ, పొట్ట బిగుసుకోవడం గానీ వస్తే ఏ గంటలోనైనా వచ్చేయమంది.

"ఎవరికి చెబుతారు ముందు?" అని అడిగింది. పరీక్షలో పిల్లని అడిగినట్టు.

"ఎవరు దగ్గరుంటే వాళ్లకి," అన్నాను.

సురేంద్ర జీపు తెచ్చాడు. వెనక సీటులో పరుపు వేశాడు. ఘాట్ రోడ్డులో ప్రతి గుంతకీ బండి ఆపినంత పని చేశాడు. వెనకాల లారీవాళ్లు హారన్లు కొడుతున్నా వినలేదు. అనంతగిరి దాటాక చలి మొదలైంది. స్వెట్టర్ వేసుకున్నాను, బొత్తాలు పెట్టుకోలేదు.

డిసెంబర్ 9

సెంటర్‌కి వెళ్లాను. ఫోన్లో అంగన్‌వాడీ యాప్ తెరిచి కొత్త గర్భిణీల దగ్గర నా పేరు ఎక్కించాను. హేమలత, భర్త సురేంద్ర. ఎన్నో నెల అన్న చోట ఐదు. ఆలస్యానికి కారణం అడిగింది. మా ఊరి వాళ్లకి నేను మామూలుగా ఏం రాసేదాన్నో అదే రాశాను: ఇంట్లో చెప్పలేదు.

సాయంత్రానికి ఊరంతటికీ తెలిసింది. కొందరు వచ్చి చూసి వెళ్లారు. మిఠాయి అడిగినవాళ్లూ ఉన్నారు. అత్త వాకిట్లో కాఫీ పళ్లు ఆరబోస్తూ, "పుట్టాక పెడతాం. ఇప్పుడు దానికి పని సెప్పకండి సాలు," అంటోంది ఒక్కొక్కరికీ.

భయం ఉంది. ఇదివరకు లేదని రాశాను. అప్పుడూ ఉంది.

జనవరి 6

పరీక్ష బాగుంది. ఆరో నెల.

ఫిబ్రవరి 11

పొద్దున్న మంట. కొంచెమే. నీళ్లు తక్కువయ్యాయని రాయబోయి ఆగాను. అత్తకి చెప్పాను. అత్త సురేంద్రకి చెప్పింది. అతను ఫ్లోరెన్స్ సిస్టర్‌కి ఫోన్ చేశాడు. పళ్లు తోముకోకుండానే జీపెక్కాం.

దేవీప్రసాద్ గారు పరీక్ష చేయించారు. కొద్దిగా కణాలున్నాయి. కల్చర్‌కి పంపారు. "ఇంత తొందరగా రావడమే సగం మందు," అన్నారు. ఆయన ముందు ఇంకా తలెత్తి మాట్లాడలేకపోతున్నాను. ఆయనకి అదేమీ గుర్తున్నట్టు లేదు.

ఫిబ్రవరి 14

ఏమీ పెరగలేదు. వట్టి మంటే.

మార్చి 22

తొమ్మిదో నెల. చిన్న మాత్ర ఆపేశారు. కాపలా తీసేసినట్టుంది. అత్త చెంబుతో నీళ్లు పట్టుకుని వెంట తిరుగుతోంది. రాత్రి పూట కాళ్లకి నీరు దిగుతోంది. లోపల ఉన్నది నన్ను పడుకోనివ్వదు. ఫర్వాలేదు. కదలని రోజే భయం.

ఏప్రిల్ 5

ఆడపిల్ల. నిన్న తెల్లవారుజామున. చెప్పిన తేదీకి ముందే వచ్చేసింది. బరువు తక్కువే గానీ ఏడుపు బాగానే ఉంది. అదే ఆసుపత్రి, వేరే వార్డు.

నొప్పుల సంగతి రాయను. చాలాసేపు పట్టింది. ఒక దశలో పిల్ల గుండె నెమ్మదించిందని అందరూ పరుగులు పెట్టారు. సరిగ్గా అప్పుడు నా చేతికి దొరికింది ఎవరి చెయ్యో తెలియదు, వదల్లేదు. తర్వాత చూస్తే ఆ నర్సు మణికట్టు మీద నా గోళ్ల గుర్తులున్నాయి.

మధ్యాహ్నం పుట్టిన పిల్లల వివరాలు రాసుకునే అమ్మాయి మంచం మంచానికీ తిరుగుతూ మా దగ్గరికి వచ్చింది. తండ్రి పేరు, ఊరు, మండలం అడిగింది. సురేంద్ర చెప్పాడు. తర్వాత తల ఎత్తకుండానే, "మొదటి కాన్పేనా?" అంది.

సురేంద్ర నన్ను చూశాడు. నేను నోరు తెరవబోయాను. ఏమనేదాన్నో నాకే తెలియదు. అవుననేదాన్నేమో.

అత్త పిల్లని తన పాత చీర మెత్తటి ముక్కలో చుడుతోంది. చుట్టడం ఆపకుండానే చెప్పింది.

"మూడోది. ముందు రెండు నిలవనేదు. అయ్యి కూడా రాసుకో అమ్మా."

ఆ అమ్మాయి కలం ఒక క్షణం ఆగింది. అక్కడ అలా రాసే చోటుందో లేదో తెలియదు. కానీ ఏదో రాసింది, పక్క మంచానికి వెళ్లిపోయింది. సురేంద్ర కిటికీ వైపు తిరిగి నిలబడ్డాడు. అతని వీపు కదలడం చూశాను. ఈసారి ఎవరూ బయటికి వెళ్లలేదు.

అత్త పిల్లని తెచ్చి నా పక్కన పడుకోబెట్టింది.

"బేగి పాలు పట్టు," అంది. "ఆకలేస్తంది దానికి."